గార పళ్ళు, గుండెల్లో గుబులు

గట్టిగా నవ్వి ఎన్నాళ్ళయింది? నవ్వొస్తే చాలు, చెయ్యి దానంతటదే నోటికి అడ్డం వెళ్తోందా? పెళ్ళిలో అందరూ కలిసి ఫొటో దిగేటప్పుడు మీరొక్కరే పెదాలు బిగబడుతున్నారా? కొత్తవాళ్ళతో మాట్లాడుతున్నప్పుడు వాళ్ళ చూపు మీ కళ్ళ మీద ఉందా, పళ్ళ మీద ఉందా అని కనిపెడుతూ కూర్చుంటున్నారా? అయితే ఈ అధ్యాయం మీ కోసమే.

హోసూరు, సూళగిరి, వేపనపల్లి, రాయకోట, కృష్ణగిరి, బర్గూరు. తమిళనాడులోని కృష్ణగిరి జిల్లాలో, మన మొరసునాటి చుట్టుపక్కల బోరు నీళ్ళు తాగి పెరిగినవాళ్ళలో కొందరి ముందుపళ్ళ మీద పసుపురంగు, గోధుమరంగు మచ్చలుంటాయి. సుద్దతో గీసినట్టు తెల్లటి అడ్డగీతలుంటాయి. కొందరికి కనీకనిపించనట్టు, కొందరికి నోరు తెరిస్తే కనిపించేట్టు. సాధారణంగా నొప్పి ఉండదు, తినడానికి అడ్డం కాదు. అయినా ఈ చిన్న మచ్చ మనిషిని రెండు వైపుల నుంచి పట్టుకుంటుంది. పగలు సిగ్గు, రాత్రి భయం.

సిగ్గు సంగతి మీకు తెలుసు. భయం ఎలా మొదలవుతుందో చూడండి. హోసూరు సిప్‌కాట్ పారిశ్రామికవాడలో సెకండ్ షిఫ్టు ముగించుకుని గదికొచ్చాడొక కుర్రాడు. మొహం కడుక్కుంటూ అద్దంలో పళ్ళు చూసుకున్నాడు. ఫోను టార్చి వేసి మళ్ళీ చూశాడు. నిన్నటికంటే మచ్చ పెద్దదైనట్టనిపించింది. ఫోనులో వెతికాడు. "ఫ్లోరోసిస్" అని వచ్చింది. ఆ మాట కింద నల్లగొండ జిల్లా ఫొటోలు వచ్చాయి. నడుం వంగిపోయినవాళ్ళు, కాళ్ళు వంకర తిరిగినవాళ్ళు. ఎనిమిది గంటలు నిలబడి పనిచేసిన నడుం ఎలాగూ నొప్పిగానే ఉంది. ఇక నిద్రేం పడుతుంది? మర్నాడు పొద్దున మోకాళ్ళు మడిచి చాచి చూసుకున్నాడు. "కటుక్కు"మంది. ఇంకేం, తన బతుకు అయిపోయిందనుకున్నాడు.

డాక్టరు దగ్గరికి వెళ్ళాడా? వెళ్ళలేదు. నోరు తెరవాలంటే సిగ్గు. అడగలేదు కాబట్టి భయం పెరిగింది. భయం పెరిగింది కాబట్టి అద్దం ముందు ఇంకా ఎక్కువసేపు నిలబడ్డాడు. సిగ్గూ భయమూ ఇలా ఒకదానికొకటి మేత వేసుకుంటూ బలుస్తాయి. ఈ రెంటినీ విడదీసి, దేని సంగతి దానికి తేల్చడమే మనం ఇప్పుడు చెయ్యబోయే పని.

మచ్చ ఎక్కడిది?

ముందుగా ఒక మాట మనసులో పెట్టుకోండి. ఇది మీరు చేసిన తప్పు కాదు. పళ్ళు సరిగ్గా తోముకోకపోవడం వల్ల వచ్చింది కాదు. చిన్నప్పుడు, దాదాపు ఎనిమిదేళ్ళ లోపు, చిగుళ్ళ కింద శాశ్వత దంతాలు తయారవుతాయి. ఆ వయసులో తాగిన నీళ్ళలో ఫ్లోరైడ్ ఎక్కువైతే పంటి పైపొర, అంటే ఎనామెల్, గట్టిపడాల్సిన తీరులో గట్టిపడదు. ఆ పన్ను చిగురు చీల్చుకుని బయటికి వచ్చేటప్పటికే లోపం దానితోనే వస్తుంది. కొన్నాళ్ళకు దాని మీద రంగు ఎక్కుతుంది. బ్రష్షు చేతపట్టక ముందే జరిగిపోయినదానికి బ్రష్షును తిట్టి ఏం లాభం?

నల్లరాతి నేలల్లో లోతుగా వేసిన బోర్లలో కొన్నిటికి ఈ ఫ్లోరైడ్ ఎక్కువ. అన్నిటికీ కాదు. ఒక వీధి బోరులో ఎక్కువుండి పక్క వీధి బోరులో తక్కువ ఉండొచ్చు. అందుకే ఒకే ఊళ్ళో అన్న పళ్ళ మీద మచ్చలుంటాయి, తమ్ముడి పళ్ళు తెల్లగా ఉంటాయి. తమ్ముడు పుట్టేనాటికి ఇల్లు మారి ఉంటారు, లేదా నీళ్ళు మారి ఉంటాయి.

ఇది మీ ఒక్కరి గోడు అనుకుంటున్నారేమో. ధర్మపురి, కృష్ణగిరి జిల్లాలకు కావేరి నీళ్ళు తెచ్చిన హొగెనక్కల్ పథకం పూర్తి పేరు ఎప్పుడైనా చదివారా? హొగెనక్కల్ తాగునీటి సరఫరా, ఫ్లోరోసిస్ నివారణ పథకం. 2008 ఫిబ్రవరిలో శంకుస్థాపన జరిగింది, 2013 మేలో ప్రారంభమైంది. జపాను అప్పుతో కలిపి 1,900 కోట్ల రూపాయలకు పైగా ఖర్చు. పళ్ళు తోముకోని బద్ధకస్తుల కోసం ఏ ప్రభుత్వమైనా అంత డబ్బు పోస్తుందా? మీ పళ్ళ మీది మచ్చకు కారణం మీ నేల కింద ఉందని రెండు జిల్లాల పథకం తన పేరులోనే రాసుకుంది.

మన తెలుగువాళ్ళకు ఈ కథ కొత్తది కూడా కాదు. మనదేశంలో ఈ నీటి జబ్బును వైద్యులు మొదట గుర్తించి రాసింది 1937లో, అప్పటి మద్రాసు రాజధానిలోని నెల్లూరు జిల్లాలో. ఇంకా వెనక్కి వెళ్తే, 1901లో అమెరికాలోని కొలరాడో స్ప్రింగ్స్‌కు ఫ్రెడరిక్ మెకే అనే కుర్ర పళ్ళ డాక్టరు వచ్చాడు. అక్కడ పుట్టి పెరిగినవాళ్ళలో చాలామంది పళ్ళు గోధుమరంగు మచ్చలతో కనబడితే ఆశ్చర్యపోయాడు. కారణం కోసం ముప్ఫై ఏళ్ళు తిరిగాడు. 1931లో ఒక అల్యూమినియం కంపెనీ రసాయన శాస్త్రజ్ఞుడు చర్చిల్ నీళ్ళు పరీక్షించి ఫ్లోరైడ్ పేరు బయటపెట్టాడు. ఆ వెతుకులాటలో మెకే ఇంకొకటి కూడా గమనించాడు. మచ్చలున్న ఆ పళ్ళు అంత తేలిగ్గా పుచ్చడం లేదు. మీరు అసహ్యించుకుంటున్న పన్ను గురించి ఈ సంగతి మీకెవరూ చెప్పి ఉండరు.

మచ్చను చూసి ఊహించుకోకూడనివి

మచ్చ అంటుకునేది కాదు. ఒకే గ్లాసులో నీళ్ళు తాగినా, ఒకే కంచంలో తిన్నా ఎవరికీ రాదు. మీ పిల్లలకు రక్తంలో రాదు. వాళ్ళు తాగే నీళ్ళు బాగుంటే వాళ్ళ పళ్ళు బాగుంటాయి. పెద్దయ్యాక కొత్తగా మొదలుకాదు. పాతికేళ్ళు దాటాక హోసూరుకు ఉద్యోగానికి వచ్చినవాళ్ళకు ఇక్కడి నీళ్ళతో పళ్ళ మీద ఈ గీతలు రావు.

ఇక అసలు భయం. పళ్ళ మీద మచ్చ ఉంటే ఎముకలు వంగిపోతాయా? మచ్చ చెప్పేది మీ బాల్యంలోని నీళ్ళ గురించి. ఎముకల జబ్బు వచ్చేది చాలా ఏళ్ళపాటు, చాలా ఎక్కువ మోతాదులో ఫ్లోరైడ్ ఒంట్లోకి వెళ్తూనే ఉంటే. లీటరు నీళ్ళలో 3 నుంచి 6 మిల్లీగ్రాముల ఫ్లోరైడ్ ఉన్నచోట ఎముకల మీద ప్రభావం కనబడవచ్చని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతుంది. పళ్ళ మీద మచ్చలు అంతకంటే చాలా తక్కువలోనే వస్తాయి. అంటే మచ్చ ఉన్న ప్రతివాడూ ఎముకల రోగి కాడు. నల్లగొండ ఫొటోల్లో ఉన్నవాళ్ళు అనుభవించిన బాధ నిజం. అది తరాలపాటు మరో నీళ్ళు దొరకని ఊళ్ళ బాధ. మీ అద్దంలోని రెండు గీతలకు ఆ ఫొటోను అంటించుకోకండి.

ముందు ఇవి మానండి

1. రుద్దకండి. ఉప్పు, నిమ్మకాయ, బొగ్గు, ఇటుక పొడి, వంట సోడా. ఇంటింటికీ ఒక వైద్యం ఉంటుంది. మచ్చ పంటి పైన పూసుకున్నది కాదు, పైపొర లోపలిది. గట్టిగా రుద్దితే మచ్చ పోదు, పొర అరుగుతుంది. అరిగాక చల్లటి నీళ్ళు తాగినా జివ్వుమంటుంది. లేని నొప్పిని కొని తెచ్చుకున్నట్టే కదా?

2. సంతలో, బస్టాండు పక్కన "రెండు నిమిషాల్లో పళ్ళు తెలుపు" అని చుక్క మందు పూసేవాళ్ళ దగ్గరికి వెళ్ళకండి. అలాంటి మందుల్లో యాసిడ్ ఉండొచ్చు. ఆ పూట తెల్లబడినట్టే ఉంటుంది. పోయిన ఎనామెల్ మళ్ళీ పెరగదు.

3. అద్దం ముందు నిలబడి పెదవి పైకెత్తి పట్టుకుని చూడటం మానండి. ఇది చాలామందికి తెలియని సంగతి కాబట్టి కొంచెం వివరంగా చెబుతాను. పన్ను తడిగా ఉన్నప్పుడు తెల్లగీతలు అంతగా కనబడవు. పెదవి ఎత్తి కాసేపు పట్టుకుంటే గాలికి పన్ను ఆరుతుంది. ఆరిన కొద్దీ గీతలు తెల్లగా పైకి తేలతాయి. చూస్తున్న కొద్దీ పెరుగుతున్నట్టు మీకనిపించింది ఇందుకే. నోరు తెరుచుకుని పడుకున్న మర్నాడు పొద్దున కూడా ఇలాగే కనబడుతుంది. ఒక్కసారి నాలుకతో తడిపి, పది నిమిషాలాగి చూడండి. "పెరిగిన" మచ్చ తగ్గిపోతుంది. పళ్ళ డాక్టర్లు కూడా గీతలు బాగా కనబడటానికి గాలి ఊది పన్ను ఆరబెట్టి చూస్తారు. మీరు రోజూ రాత్రి చేస్తున్నది అదే పరీక్ష, కాకపోతే ఫలితం చెప్పేవాళ్ళు పక్కన లేకుండా.

4. ఇంట్లోవాళ్ళను పదే పదే అడగకండి. "అమ్మా, ఎక్కువైనట్టుందా?" "లేదప్పా, అట్లే ఉంది." గంట హాయిగా ఉంటుంది. తర్వాత మళ్ళీ అనుమానం, మళ్ళీ అదే ప్రశ్న. అమ్మ ఇచ్చే ధైర్యం అబద్ధమని కాదు, దానికి ఆయుష్షు తక్కువ. కొలిచి చెప్పిన సమాధానం కావాలి మీకు.

5. రాత్రిపూట వెతకకండి. అలసిన బుర్రకు అన్నిటికంటే ఘోరమైన ఫొటోయే నిజమనిపిస్తుంది.

ఇక ఇవి చెయ్యండి

1. ఒక కాగితం తీసుకుని నాలుగు వాక్యాలు రాయండి. ఎనిమిదేళ్ళ లోపు ఏ ఊళ్ళో ఉన్నారు, ఏ నీళ్ళు తాగారు: బోరా, బావా, పంచాయతీ కొళాయా? మచ్చలు ఎప్పటి నుంచి ఉన్నాయి? ఈ మధ్య మారాయా? నొప్పి, జివ్వుమనడం, పన్ను పెచ్చులూడటం ఏమైనా ఉన్నాయా? ఇంతే. భయాలు రాయొద్దు, సంగతులు రాయండి. సిగ్గుతో మాట పెగలకపోతే ఈ కాగితమే డాక్టరు చేతికి ఇవ్వొచ్చు.

2. పగటి వెలుగులో ఒక్కసారి, ఒకే ఒక్కసారి, ఇలా చూసుకోండి. మచ్చలు కుడి ఎడమ జంటపళ్ళ మీద దాదాపు ఒకేలా ఉన్నాయా? అడ్డంగా గీతల్లా ఉన్నాయా? పళ్ళు మొలిచినప్పటి నుంచీ ఉన్నాయా? అయితే అది నీళ్ళ వల్ల వచ్చినదై ఉండే అవకాశం ఎక్కువ. అలాకాక చిగురు అంచున గరుకుగా పేరుకుని ఉంటే అది పాచి గట్టిపడిన గార, డాక్టరు క్లీనింగ్ చేస్తే పోతుంది. మన ఊళ్ళలో రెంటినీ గారనే అంటారు కాబట్టి, క్లీనింగ్ చేయించుకుని "మచ్చ పోలేదే" అని దిగులు పడేవాళ్ళున్నారు. ఒక్క పన్నే నల్లబడితే, గుంట పడి అందులో మెతుకు ఇరుక్కుంటుంటే, అది పుచ్చో పాత దెబ్బో అయివుంటుంది. దానికి ఆలస్యం చెయ్యకూడదు.

3. పళ్ళ డాక్టరు దగ్గరికి వెళ్ళండి. ఈ అధ్యాయంలో మీరు ఒక్క పని మాత్రమే చేస్తానంటే, ఇది చెయ్యండి.

ఎక్కడికి? ప్రభుత్వాసుపత్రిలో ఓపీ చీటీ రాయించుకునేటప్పుడే "పళ్ళ డాక్టరు" అని చెప్పండి. కృష్ణగిరిలో 2022 జనవరి నుంచి ప్రభుత్వ వైద్య కళాశాల కూడా ఉంది. బీపీ, షుగరు చూడటానికి ఇంటికొచ్చే "మక్కళై తేడి మరుత్తువం" ఆరోగ్య కార్యకర్తను అడిగినా పళ్ళ డాక్టరు ఎక్కడ, ఏ రోజు ఉంటారో కనుక్కుని చెబుతుంది. ఆ పథకం 2021 ఆగస్టు 5న మొదలైంది మన జిల్లాలోని సామనపల్లిలోనే. భాష గురించి బెంగ వద్దు. హోసూరులో తెలుగు, తమిళం, కన్నడం మూడూ నడుస్తాయి. తమిళంలో చెప్పాల్సి వస్తే "పల్లుల కఱై" అనండి, చాలు.

లోపల ఏం జరుగుతుంది? కుర్చీలో వెనక్కి వాలమంటారు. లైటు నోటి మీద పడుతుంది. చిన్న అద్దంతో వెనక పళ్ళు కూడా చూస్తారు. మొన కడ్డీతో గుంటలున్నాయేమో తడుముతారు. ఇదంతా కొద్ది నిమిషాల పని. మీరు ఏళ్ళ తరబడి దాచిన పళ్ళు ఆ డాక్టరుకు పొద్దుటి నుంచి చూసిన నోళ్ళలో ఒకటి. ఈ జిల్లాలో పళ్ళ డాక్టరుకు ఈ మచ్చ వింత కాదు. మీరు నోరు తెరిచినప్పుడు డాక్టరు మొహంలో అసహ్యం కోసం వెతుకుతారని నాకు తెలుసు. వెతకండి, కనబడదు.

ఈ నాలుగు ప్రశ్నలు అడక్కుండా లేవకండి. ఇది ఫ్లోరైడ్ మచ్చేనా, ఇంకేదైనానా? ఏమీ చెయ్యకపోతే ఏమవుతుంది? చెయ్యాలంటే అన్నిటికంటే తక్కువ కోత పడేది ఏది? ఎంతవుతుంది, ఎన్నేళ్ళుంటుంది? మచ్చ తేలికగా ఉంటే మొదటి రెండింటి జవాబు చాలావరకు ఇలా ఉంటుంది: అవును, ఫ్లోరైడ్ మచ్చే, ఏమీ చెయ్యకపోయినా ఏమీ కాదు. అందం కోసం చేయించుకోవాలనుకుంటే పై పొరను సన్నగా అరగదీసే మైక్రో అబ్రేషన్, బ్లీచింగ్, పంటిరంగు సిమెంటు, పంటి ముందు అతికే వెనీర్లు ఉన్నాయి. చిన్నదాని నుంచి పెద్దదానికి వెళ్ళాలి. వచ్చీ రాగానే ఆరు పళ్ళూ అరగదీసి తొడుగులు వేద్దామంటే, ఇంకో డాక్టరు మాట కూడా విని నిర్ణయించుకోండి. మచ్చ ఎక్కువగా ఉండి పన్ను గుంటలు పడుతుంటే, పెచ్చులూడుతుంటే మాత్రం అది అందం పని కాదు, పన్నును కాపాడే పని. వాయిదా వెయ్యకండి.

చేయించుకోవడం, మానడం పూర్తిగా మీ ఇష్టం. చేయించుకుంటే డాంబికం కాదు, మానుకుంటే పిసినారితనం కాదు. ఒకటి మాత్రం చెబుతాను. ఆరోగ్యమైన పంటి సహజమైన రంగు లేత పసుపు. ప్రకటనల్లో కాగితంలా మెరిసే తెలుపుతో పోల్చుకుంటే ఎవరి పళ్ళైనా గార పళ్ళే.

4. నీళ్ళు పరీక్ష చేయించండి. భయానికి మందు ధైర్యవచనం కాదు, అంకె. తమిళనాడు తాగునీటి బోర్డుకు జిల్లా ప్రయోగశాల ఉంది, కొద్దిపాటి రుసుముకు నీళ్ళు పరీక్షిస్తారు. శుభ్రమైన ప్లాస్టిక్ సీసా తీసుకోండి. ఫ్లోరైడ్ పరీక్షకు గాజు సీసా పనికిరాదు. బోరు మోటారు కొన్ని నిమిషాలు ఆడనిచ్చి, అదే నీళ్ళతో సీసాను మూడుసార్లు కడిగి, నిండా పట్టి మూత బిగించండి. మీద ఊరు, వీధి, తేదీ రాసి తీసుకెళ్ళండి. ఎంత నీళ్ళు కావాలో ముందే ఫోన్ చేసి కనుక్కోవడం మంచిది.

కాగితం చేతికొచ్చాక "ఫ్లోరైడ్" అన్న వరస ఒక్కటి చూడండి. మనదేశపు తాగునీటి ప్రమాణం ప్రకారం లీటరుకు 1 మిల్లీగ్రాము లోపు ఉంటే మంచి నీళ్ళు. వేరే దారి లేనిచోట 1.5 దాకా ఒప్పుకుంటారు. అంతకంటే ఎక్కువుంటే తాగడానికీ వంటకీ ఆ నీళ్ళు మానెయ్యండి. స్నానానికీ, బట్టలకీ, గిన్నెలకీ వాడుకోవచ్చు. కాచి చల్లార్చితే ఫ్లోరైడ్ పోదు. నీళ్ళు ఆవిరై తగ్గుతాయి కాబట్టి మిగిలినదాంట్లో ఇంకాస్త చిక్కబడుతుంది. బిందెలో పటిక ముక్క తిప్పితే మడ్డి దిగుతుంది తప్ప ఫ్లోరైడ్ దిగదు. పటిక, సున్నం కొలత ప్రకారం వేసి ఫ్లోరైడ్ తగ్గించే నల్లగొండ పద్ధతి ఉన్నమాట నిజమే కానీ, అది నీటిని పరీక్షించి చెయ్యాల్సిన పని. ఆర్వో మిషను తగ్గిస్తుంది, కానీ పొర పాతబడితే సరిగ్గా తగ్గించదు. ఆర్వో నీళ్ళను కూడా ఒకసారి పరీక్షకు పంపండి. హొగెనక్కల్ కొళాయి వస్తుంటే ట్యాంకులో బోరు నీళ్ళు కలుపుతున్నారా అని పంచాయతీలో అడగండి. అడిగే హక్కు మీకుంది.

5. ఇంతా అయ్యాక కూడా భయం పోలేదా? చాలామందికి పోదు, వెంటనే పోదు. ఎందుకంటే చూసుకోవడం అలవాటైపోయింది. అప్పుడిలా చెయ్యండి. పళ్ళు చూసుకోవడానికి వారంలో ఒక రోజు, ఒక సమయం పెట్టుకోండి. ఆదివారం పొద్దున తలస్నానం తర్వాత అనుకోండి. మంగళవారం రాత్రి చూడాలనిపిస్తే "ఆదివారం చూస్తా" అని మీకు మీరే చెప్పుకుని గదిలోంచి బయటికి రండి. ఆ కోరిక కాసేపు గట్టిగా పీకుతుంది, తర్వాత దానంతటదే తగ్గుతుంది. లొంగకుండా దాటిన ప్రతిసారీ తర్వాతిసారి పీకడం తగ్గుతుంది. డాక్టరు రాసిన చీటీ, నీళ్ళ పరీక్ష కాగితం రెండూ బీరువాలో ఒకేచోట పెట్టుకోండి. అనుమానం వస్తే ఫోను కాదు, ఆ కాగితాలు తియ్యండి.

నెలలు గడిచినా నిద్ర పట్టకపోయినా, పని మీద మనసు నిలవకపోయినా, ఒక జబ్బు భయం పోయి ఇంకో జబ్బు భయం వస్తున్నా 14416కు ఫోన్ చెయ్యండి. కేంద్ర ప్రభుత్వపు మానసిక ఆరోగ్య సహాయవాణి టెలీ మానస్ ఇది. డబ్బు కట్టక్కర్లేదు, తెలుగులో కూడా మాట్లాడతారు. "నాకు పిచ్చి కాదు కదా, ఎందుకు" అనుకోకండి. అక్కడికి ఫోన్ చెయ్యడానికి నిద్ర పట్టకపోవడం చాలు.

ఎవరైనా అడిగితే?

అడుగుతారు. పెళ్ళిచూపుల్లో అబ్బాయి మేనత్త అడుగుతుంది. "ఏమ్మా, పండ్లు అట్లుండాయే, తోముకోవా?" ఆ క్షణం కోసమే కదా మీరు ఇన్నాళ్ళూ భయపడింది? జవాబు ముందే తయారు చేసుకోండి. "చిన్నప్పుడు మా ఊరి బోరు నీళ్ళల్లో ఫ్లోరైడ్ ఎక్కువుండె అత్తా. దానివల్ల వచ్చిన మచ్చలు. డాక్టరుకి చూపించినాం, ఏం లేదన్నారు." ఇంతే. తల దించకుండా, తొందరపడకుండా చెప్పండి. ఇంట్లో రెండుసార్లు గట్టిగా చెప్పి అలవాటు చేసుకోండి, అప్పుడు నోట్లోంచి సాఫీగా వస్తుంది. ఆ మేనత్త ఇంట్లోనే ఇంకెవరికో ఇవే మచ్చలు ఉండివుంటే ఆశ్చర్యపోకండి.

ఎగతాళి చేసేవాళ్ళ సంగతి వేరు. పనిచేసే చోట పేరు పెట్టి పిలుస్తుంటే ఒక్కసారి, అందరి ముందూ కాదు, పక్కకు పిలిచి చెప్పండి. "ఆ మాట నాకు నచ్చలేదన్నా, ఇంకోసారి అనొద్దు." కారణాలు వివరించాల్సిన పని లేదు.

వెంటనే చూపించుకోవాల్సినవి

మచ్చ మీద పెట్టే శ్రద్ధలో పావువంతు వీటి మీద పెట్టండి. నోట్లో రెండు వారాలు దాటినా మానని పుండు. బుగ్గ లోపల, నాలుక మీద తెల్లటి లేదా ఎర్రటి మచ్చ. నోరు మునుపటంత తెరుచుకోకపోవడం. ఆకువక్క, గుట్కా, హాన్స్ పొగాకు నమిలే అలవాటుంటే మరీను. ఇవి నొప్పి లేకపోయినా సరే చూపించుకోవాలి. అలాగే మెడ, నడుం నెలల తరబడి బిగుసుకుపోతూ వంగలేకపోతుంటే, కాళ్ళు తిమ్మిరెక్కి నడక తడబడుతుంటే ఎముకల డాక్టరుకు చూపించి, ఏ నీళ్ళు తాగి పెరిగారో కూడా చెప్పండి. షిఫ్టు దిగాక వచ్చి, వారపు సెలవుకు తగ్గిపోయే నడుంనొప్పి సాధారణంగా నిలబడి చేసే పనిది. అది తగ్గకపోతే దాన్నీ చూపించుకోండి. డాక్టరు చూసి, అవసరమైతే ఎక్స్‌రే తీసి చెబుతారు.

ఇంట్లో చిన్నపిల్లలుంటే

మీ పళ్ళు తయారవడం ఎప్పుడో అయిపోయింది. ఇంట్లో ఎనిమిదేళ్ళ లోపు బిడ్డ ఉంటే మాత్రం ఆ బిడ్డ పళ్ళు ఇప్పుడు, ఈ నెలలో, తయారవుతున్నాయి. కాబట్టి నీళ్ళ పరీక్షకు తొందరంతా అక్కడ చూపించండి. పాలపొడి కలిపే నీళ్ళు, అన్నం వండే నీళ్ళు, బడికి పంపే సీసాలోని నీళ్ళు మూడూ మంచివి కావాలి. బడిలో ఏ నీళ్ళిస్తున్నారో టీచరును అడగండి. పగలంతా బిడ్డ తాగేది అక్కడే. టూత్‌పేస్టు మూడేళ్ళ లోపు బియ్యపు గింజంత, ఆరేళ్ళ దాకా బఠాణీ గింజంత చాలు. మింగకుండా ఉమ్మించండి. తియ్యగా ఉందని పేస్టు తినే పిల్లలుంటారు, ట్యూబు అందనిచోట పెట్టండి.

బిడ్డకు ఇప్పటికే మచ్చలు వచ్చి ఉంటే "ఎన్నిసార్లు చెప్పినా తోముకోవు గదరా" అని ఇంకోసారి అనకండి. దగ్గర కూర్చోబెట్టుకుని "ఇది నువ్వు చేసింది కాదప్పా, నీళ్ళ వల్ల వచ్చింది. ఇప్పుడు మంచి నీళ్ళు తాగుతా ఉండావు గదా" అని చెప్పండి. బళ్ళో ఎవరైనా వెక్కిరిస్తే ఏం చెప్పాలో కూడా ఆ పూటే నేర్పండి.